మట్టి తొక్కినవాళ్లు

మెర్ల్ స్ట్రౌడ్ కోడిపిల్లల హాచరీకి వచ్చేసరికి లియోటా హెన్స్లీ చీకటి గదిలో గుడ్లు చూస్తోంది. రేకు డబ్బాలో బల్బు, డబ్బాకు గుడ్డు ఆనేంత కంత. చేతికి రెండేసి గుడ్లు తీసుకుని, ఒక్కొక్కదాన్నీ కంతకు ఆనించి తిప్పి, లోపల ఎర్రటి నరాలు కనబడితే కుడివైపు గంపలోనూ, ఖాళీగా వెలిగితే ఎడమవైపు గంపలోనూ పెట్టాలి. పని జరుగుతుండగా తలుపు తెరిచి వెలుతురు రానిచ్చినవాణ్ణి ఆ గదిలో ఆడవాళ్లు నోటికొచ్చినట్టు తిడతారు. స్ట్రౌడ్‌ను మాత్రం ఎవరూ ఏమీ అనలేదు. ఊళ్లో ట్రాక్టర్లు అమ్మేది ఆయనే, నది పక్క పల్లపు నేలలో రేసు ట్రాక్ వేయించిందీ ఆయనే.

ఆయన టోపీ తీయలేదు. తలుపు బార్లా తెరిచి గుమ్మంలోనే నిలబడ్డాడు. లియోటా చేతిలో గుడ్లు అలాగే పట్టుకుని ఆయన ముఖంలోకి చూసింది. ఆదివారం చర్చి మెట్ల మీద ఆయన్ను ఆపి అడిగిన దగ్గర్నించీ ఆమెకు మరో ధ్యాస లేదు. ముందటి శనివారం రేసులో ఆమె మొగుడు ఓరిన్ మూడో మలుపులో చెక్కగోడను గుద్ది భుజం ఎముక విరగ్గొట్టుకున్నాడు. కారుకు మాత్రం ఒక మడ్‌గార్డు సొట్టపోయిందంతే. వచ్చే శనివారం సీజన్‌కి ఆఖరి రేసు, అన్నిటికన్నా పెద్దది. తమ ఎనిమిదో నంబరు కారును తనను నడపనివ్వమని ఆమె అడిగింది. ఆలోచించి చెబుతానన్నాడు స్ట్రౌడ్.

"ఆలోచించానమ్మాయ్. కుదరదు," అన్నాడు ఇప్పుడు. "నీ మీద నాకేం కోపం లేదు, రూలు రూలే. అన్నట్టు శనివారం కాస్త పెందలాడే రండి. కొత్త మన్ను తోలించాను, మామూలుకంటే రెండింతలు తొక్కాలి."

రెండు మాటలకీ మధ్య ఆయన ఊపిరైనా పీల్చుకోలేదు. లియోటాకు చెవుల దాకా వేడెక్కింది.

"నాకు నడపడం రాదనా?" అంది.

స్ట్రౌడ్ నవ్వాడు. "భలేదానివే. నీ అంత బాగా తొక్కేవాళ్లు ఈ జిల్లాలోనే లేరు."

ఆయన దాన్ని మెచ్చుకోలనుకునే అన్నాడు, అదే ఆమెను మండించింది. ప్రతి శనివారం సాయంత్రం నీళ్ల లారీ ట్రాక్‌ను నదినీళ్లతో తడుపుతుంది. తడిసిన బంకమన్నును కార్లే నెమ్మదిగా చుట్టూ తిరిగి తొక్కితే అది పెనంలా నల్లగా బిగుస్తుంది. తొక్కకపోతే పైన ఎండి, కింద బురదై, గుంటలు పడి, మొదటి రేసుకే దుమ్ములో ముందున్న కారు కనబడదు. మొదట్లో డ్రైవర్లే తొక్కేవారు. అయితే ఆ పనిలో బురద చిమ్మి రేడియేటర్ నిండుతుంది, ఇస్త్రీ చొక్కా పాడవుతుంది, జనం ముందు మెరవాల్సిన ముఖం మట్టిముద్దవుతుంది. అందుకని ఒకళ్లను చూసి ఒకళ్లు ఆ పని పెళ్లాలకూ అక్కచెల్లెళ్లకూ అప్పజెప్పేశారు. స్ట్రౌడ్‌కు అందులో ఏ అభ్యంతరమూ కనబడలేదు. తొక్కినంతసేపూ ఆడవాళ్లు, రేసు కార్లు నిలిపి సిద్ధం చేసుకునే పిట్‌లోకి రావచ్చు, కారు ఎక్కవచ్చు, ట్రాక్ మీద తిరగవచ్చు. ఈల వేయగానే దిగి, కంచె దాటి, అందరిలాగే టికెట్టు కొనుక్కుని గ్యాలరీలో కూర్చోవాలి. పచ్చరంగు కారు, వేరుశనక్కాయలు, ఆడమనిషి, ఈ మూడింట్లో ఏది పిట్‌లో ఉన్నా ఎవడో ఒకడి ప్రాణం మీదికొస్తుందని డ్రైవర్లందరి నమ్మకం. తొక్కుడు అయ్యేదాకా ఆ అపశకునం ఎక్కడ కూర్చుని ఉండేదో ఎవరూ అడిగిన పాపాన పోలేదు.

స్ట్రౌడ్ వెళుతూ తలుపు వేయడం కూడా మరిచిపోయాడు. పక్క బల్ల దగ్గరావిడ లేచి వేసి వచ్చింది.

ఆ సాయంత్రం ఇంటికి వచ్చేసరికి వంటింటి బల్ల దగ్గర ఓరిన్ పినతండ్రి కొడుకు డేల్ కూర్చుని, పొద్దున ఆమె చేసిపెట్టిన రూబార్బ్ పై అనే తీపి రొట్టె తింటున్నాడు. పక్క జిల్లాలో ఉంటాడతను. ఆ ప్రాంతంలో రేసు నడిపేవాళ్లలో అందగాడని పేరు, ఆ సంగతి అందరికంటే బాగా అతనికే తెలుసు. ఓరిన్ విరిగిన వైపు చేతిని మెడకు కట్టుకుని, ఎడమచేత్తో ఫోర్కు పట్టుకోలేక తన ముక్కను చెంచాతో తవ్వుతున్నాడు. ఇద్దరూ ఆమెను చూసి ఒక్కసారి మాట ఆపారు. దాంతోనే ఆమెకు విషయం తెలిసిపోయింది.

శనివారం ఎనిమిదో నంబరును డేల్ నడుపుతాడు. ఓరిన్ కబురు పెడితే వచ్చాడు. స్ట్రౌడ్‌కు కూడా చెప్పేశారట. అంటే పొద్దున స్ట్రౌడ్ చీకటి గది గుమ్మంలో నిలబడేసరికే అంతా తేలిపోయింది, ఆలోచించడమూ లేదు, పాడూ లేదు. ఆ కారు కొన్నది ఆమె గుడ్ల గదిలో నిలబడి తెచ్చిన జీతంతో. పాత షెవర్లే కూపే, కోళ్ల షెడ్డులో పడి ఉన్నదాన్ని ఓరిన్‌తో కలిసి అద్దాలు పీకి, తలుపులు అతికి, రేసుకు తయారుచేసింది కూడా ఆమే. ఆ మాటలన్నీ నోటిదాకా వచ్చాయి. డేల్ ఎదురుగా అనడానికి ఆమెకు తలకొట్టేసినట్టయింది.

"రూబార్బ్ పై చాలా బాగుంది వదినా," అన్నాడు డేల్.

ఆమె గిన్నె తీసి అవతల పెట్టింది. అందులో ఇంకో ముక్క ఉంది.

గురువారం సాయంత్రం ఆమె షెడ్డులో సొట్టపోయిన మడ్‌గార్డును సరిచేస్తోంది. లోపలివైపు ఇసుకసంచీ ఆనించి, పైనుంచి చెక్కసుత్తితో కొడుతుంటే రేకు కొంచెం కొంచెంగా మాట వింటోంది. ఓరిన్ వచ్చి బకెట్టు బోర్లించి దాని మీద కూర్చున్నాడు. చెడ్డవాడు కాడు ఓరిన్. పశువుకు ఒంట్లో బాగాలేకపోతే రాత్రంతా దాని పక్కనే పడుకునే రకం. ఎదురు చెప్పాల్సి వచ్చిన చోట మాత్రం ఆయనకు నోరు పెగలదు.

రూలు తాను పెట్టింది కాదన్నాడు. కారు ఆఖరి రేసులో లేకపోతే రెండేళ్ల కష్టం వృథా అన్నాడు. డేల్ అయితే గెలుస్తాడన్నాడు. ఆమె వింటూనే సుత్తి ఆడిస్తోంది. ఆయన చెప్పినవాటిలో అబద్ధం ఒక్కటీ లేదు, అదే ఆమెకు మరీ కడుపుమంటగా ఉంది.

"నన్ను అడగాలనిపించలేదా నీకు?" అంది చివరికి.

ఓరిన్ రాలిన రంగు పెచ్చును బూటుతో పక్కకు నెట్టాడు. "అడిగితే నువ్వు కాదంటావని తెలుసు," అన్నాడు.

లియోటా రేకు మీద చెయ్యి వేసి నిమిరి, ఇంకా ఎత్తుగా ఉన్నచోట మళ్లీ కొట్టింది. మర్నాడు మడ్‌గార్డుకు నల్లరంగు వేసి, ఎనిమిది అంకె మీద చెరిగిన తెలుపును కొత్తగా దిద్దింది. ఎవరు నడిపినా కారు తనదే, అంతే.

శనివారం ఆమె ఓరిన్ పాత ఓవరాల్స్ వేసుకుని, జుట్టుకు గుడ్డ కట్టుకుని పెందలాడే ట్రాక్‌కు వచ్చింది. రాకుండా ఉంటే బాగుండుననీ, స్ట్రౌడ్ వెధవ మట్టి స్ట్రౌడ్‌నే తొక్కుకోమనీ దారి పొడుగునా అనుకుంది. కాని తొక్కని ట్రాక్ మీద ఎనిమిదో నంబరు తిరగబడితే పోయేది తన కారే. మంచివాళ్లను ఇరికించడానికి ఇలాంటి ఉచ్చులే చాలు.

గేటు దగ్గర ముసలి వర్జిల్ మెడలో ఈల వేసుకుని కూర్చున్నాడు. పిట్‌లో బెర్నీ పిన్ని అప్పుడే కొడుకు నలభై ఒకటో నంబరు కారు కిటికీలోంచి లోపలికి దూరుతోంది. ఊరందరికీ ఆమె పిన్నే. పందుల పెంపకంలో ఆరితేరిన లావుపాటి మనిషి, తలుపులు అతికేసిన కారులోకి దూరడం ఆమెకు ప్రతివారం పెద్ద యుద్ధమే.

"నన్ను వెనక నుంచి ఒక్క తోపు తొయ్యవే," అంది లియోటాను చూసి. "ఈ కిటికీ వారంవారం ఇరుకైపోతోంది."

లియోటా తోసింది. లోపల పడి, ఊపిరి తీసుకుని, బెర్నీ పిన్ని కిటికీలోంచి తల బయటపెట్టింది. "మీ మరిది నడుపుతున్నాడటగా. చొక్కా చూశావా, ఎంత తెల్లగా ఉందో? పెళ్లికొచ్చాడనుకున్నా."

కొత్తగా పెళ్లయిన ఫెర్న్ తన మొగుడి కారులో, మరో ముగ్గురు ఆడవాళ్లు తమతమ కార్లలో ఎక్కారు. తొక్కడానికని ట్యాంకు అడుగున నాలుగు గుక్కలు పెట్రోలు పోసి ఉంచుతారు. రేసుకు మగవాళ్లు వచ్చి నిండా పోసుకుంటారు. ఒకదాని వెనక ఒకటి కార్లు ట్రాక్ మీదికి దిగాయి.

కొత్త మన్ను నిజంగానే మొండిది. మొదటి చుట్లలో చక్రాలు ఇరుసు దాకా కూరుకుపోయాయి. ముందు కారు విసిరిన బురద అద్దం లేని కిటికీలోంచి వచ్చి ముఖాన కొడుతోంది. లియోటా కళ్లు చిట్లించి, నోరు మూసుకుని, తక్కువ గేరులో ఇంజను గింజుకుంటుంటే స్టీరింగు పట్టుకుని కూర్చుంది. ఒకే జాడలో పోకూడదు. చుట్టుచుట్టుకూ చక్రం వెడల్పంత బయటికి జరగాలి. లోపలి అంచు నుంచి మొదలుపెట్టి, నడిమి దాటి, చెక్కగోడ దాకా. ఇల్లు అలికినట్టే, ఎక్కడా సందు వదలకుండా. మెల్లగా బురద చిమ్మడం తగ్గింది. చక్రాల కింద చప్పుడు మారింది. మన్ను మెరవడం మొదలైంది. ఎక్కువైన మట్టంతా బయటికి తోసుకుపోయి గోడ వారన మెత్తటి గట్టులా పేరుకుంది.

గ్యాలరీ నిండిపోయింది. చర్చి ఆడవాళ్ల బల్ల దగ్గర కాఫీకి జనం బారులు తీరారు. వర్జిల్ ఈల వేశాడు.

ఫెర్న్ మొదట గేటు వైపు తిరిగింది. మిగతా ముగ్గురూ ఆమె వెనకే. లియోటా కూడా వేగం తగ్గించింది. రెండు వేసవులుగా ఆ ఈలకు కాలు దానంతటదే బ్రేకు మీదికి పోతుంది. గేటు పక్కనే డేల్ నిలబడి ఉన్నాడు, తెల్ల చొక్కా, తెల్ల ప్యాంటు, చంకలో ఓరిన్ హెల్మెట్. చేతిలో పాత వార్తాపత్రిక మడతలు విప్పుతున్నాడు. ఎందుకో ఆమెకు అర్థమయ్యేలోపే అతను పత్రికను సీటు కొలతకు పరిచి చూపిస్తూ, కారు దగ్గరపడగానే ఒక అడుగు ముందుకు వచ్చాడు.

"దిగేటప్పుడు సీటు కాస్త తుడువు వదినా," అన్నాడు. "నీ బురదంతా నాకంటుకుంటుంది."

అతను కావాలని అవమానించలేదు. అవమానమని అతనికి తోచనైనా లేదు. లియోటా అతన్నీ, పత్రికనూ, అతని వెనక గ్యాలరీ మెట్టు మీద కూర్చున్న ఓరిన్‌నూ చూసింది. తుడవడం, తొక్కడం, దిగడం. ఆమె కాలు బ్రేకు మీద నుంచి లేచింది. గేరు మార్చి గేటు దాటి ముందుకు పోయింది.

వర్జిల్ మళ్లీ ఈల వేశాడు, ఈసారి పొడుగ్గా. వెనక వస్తున్న బెర్నీ పిన్ని తొక్కుడు ఇంకా అవలేదనుకుంది కాబోలు, ఆమె కూడా ఆగలేదు. అర చుట్టు తిరిగాక ఎదుటి కారు వేగం చూసి ఆమెకు సంగతి తెలిసింది. తెలిశాక ఆగలేదు సరికదా, తానూ గేరు మార్చింది.

లౌడ్‌స్పీకర్లో స్ట్రౌడ్ గొంతు వచ్చింది. తొక్కుడు ఇంకా సాగుతోందనీ, జనం కాస్త ఓపిక పట్టాలనీ అన్నాడు. అప్పటికి ఎనిమిదో నంబరు మూడో మలుపులోకి వచ్చింది. లియోటా గ్యాస్ పెడలు మీది కాలు తీయలేదు. కారు తోక బయటికి జారింది. జారేవైపే స్టీరింగు తిప్పి వదిలేసింది. వెనక చక్రం వెళ్లి గోడ వారన ఉన్న మట్టిగట్టుకు ఆనింది. ఆ గట్టు కారును పట్టుకుని నిలబెట్టి తిన్నటి దారిలోకి తోసింది. ఆ గట్టు అలా తోస్తుందని ఆమె ఎప్పటినుంచో అనుకుంటూనే ఉంది. అనుకోవడానికీ చూడటానికీ ఇంత తేడా ఉంటుందని మాత్రం తెలియదు. గొంతులోంచి ఏదో కేక వచ్చింది. అది తనదేనని కొంచెం ఆలస్యంగా తెలిసింది.

నలభై ఒకటో నంబరు లోపలివైపు నుంచి దూసుకొచ్చి పక్కకు చేరింది. బెర్నీ పిన్ని స్టీరింగు మీద పడుకున్నట్టు వంగి, పళ్లు బిగించి నడుపుతోంది. పందుల్ని బండికెక్కించేటప్పుడు ఆమె ముఖం అలాగే ఉంటుంది. రెండు కార్లూ పక్కపక్కనే గ్యాలరీ ముందు నుంచి పోయాయి. లౌడ్‌స్పీకర్ తొక్కుడు గురించి ఇంకేదో అనబోయి ఆగిపోయింది. జనం లేచి నిలబడుతున్నారు. మొదటిసారి గ్యాలరీ ముందు నుంచి పోయినప్పుడు ఓరిన్ కూర్చునే ఉన్నాడు. తరువాతి చుట్టుకు నిలబడి ఉన్నాడు. ఆ తరువాత కంచెకు ఆనుకుని, బాగున్న చేతిని ఆడిస్తూ ఏదో అరుస్తున్నాడు. దిగమంటున్నాడో కానీమంటున్నాడో ఆమెకు వినబడలేదు, వినాలనీ లేదు. జెండా గూట్లో ఉన్న మనిషి చంకలో గెలుపుకు ఊపే గళ్ల జెండా చుట్టుకుని స్ట్రౌడ్ వైపు చూస్తున్నాడు. స్ట్రౌడ్ తల అడ్డంగా ఊపుతున్నాడు. అంతమంది కళ్లముందు జరుగుతున్నదాన్ని ఒక గుడ్డముక్క ఊపకపోతే జరగనట్టే అనుకున్నాడు కాబోలు మహానుభావుడు.

పెట్రోలు అయిపోవడంతో ఎనిమిదో నంబరు ఆగింది. రెండు దగ్గులు దగ్గి, తిన్నటి దారి మధ్యలో చప్పుడు లేకుండా జారుకుంటూ పోయి నిలబడింది. నలభై ఒకటి దాన్ని దాటి కొద్ది దూరం పోయి అదీ చచ్చింది. ఒక్కసారిగా అంతటా నిశ్శబ్దం. లియోటా కిటికీలోంచి పైకి లేచి చట్రం మీద కూర్చుంది. ముఖం మీది మట్టి ఎండి, నవ్వితే చర్మం లాగుతోంది.

"నేనే గెలిచాను," అని అరిచింది బెర్నీ పిన్ని అవతలి నుంచి. "ఎవరైనా వచ్చి నన్ను బయటికి లాగండి."

ఎవరో కంచె దూకారు. మొదట దూకింది ఆడవాళ్లే. ముందు ఫెర్న్, ఆ వెనక కాఫీ బల్ల దగ్గర నుంచి చర్చి ఆడవాళ్లు, ఆ వెనక అందరూ. శనివారం బూట్లతో, ఎత్తుమడమల చెప్పులతో, అప్పుడే తొక్కి మెరిపించిన తడి బంకమన్ను మీదికి గ్యాలరీ గ్యాలరీ అంతా దిగింది. మడమలు దిగబడ్డాయి, చెప్పులు ఊడి మట్టిలో ఉండిపోయాయి, పిల్లలు పొర్లారు. బయటికి పొండి, పొండి అని స్ట్రౌడ్ లౌడ్‌స్పీకర్లో మొత్తుకుంటున్నాడు. ఎవరూ చెవిన వేసుకోలేదు. జనాన్ని బయటికి పంపేసరికి ట్రాక్ పశువుల్ని తోలిన చెరువుగట్టులా అయింది. దాని మీద ఆ రోజు ఏ రేసూ సాగదని నీళ్ల లారీవాడు కూడా చెప్పగలడు.

అప్పుడు స్ట్రౌడ్ మైకు దగ్గరికి వచ్చి, వాన కారణంగా ఆఖరి రేసు రద్దయిందని ప్రకటించాడు. జనం తల పైకెత్తి చూశారు. మబ్బు తునక లేని ఆకాశం కమలాపండు రంగులో ఉంది. పకాలున నవ్వారు అందరూ. లియోటా కూడా నవ్వింది. డేల్ మరక పడని ప్యాంటుతో తన బండెక్కి వెళ్లిపోయాడు.

ఇంటికి బండి లియోటా నడిపింది, ఓరిన్ పక్కన కూర్చున్నాడు.

"మూడో మలుపులో గ్యాస్ పెడలు వదల్లేదు నువ్వు," అన్నాడు ఇంటి మలుపు దగ్గర.

"వదల్లేదు."

"నేను వదుల్తానక్కడ," అన్నాడు. ఆమెకు ఆ మాట కొంత ఊరట, కొంత మంట కూడా. వదలనిదాన్ని గ్యాలరీలో కూర్చోబెట్టి వదిలేవాళ్లను నడపనిచ్చారు రెండేళ్లూ.

సోమవారం పత్రికలో పడింది, సీజన్ ఆఖరి రేసు వాన వల్ల రద్దని. ఆ అచ్చక్షరాలు చూశాక లియోటాకు నవ్వు రాలేదు. మధ్యాహ్నం భోజనం మానేసి పత్రిక ఆఫీసుకు నడిచి వెళ్లింది. ట్రాక్ యజమాని ఫోన్ చేసి చెప్పిందే తాము వేస్తామన్నాడు ఎడిటర్, ఎంతో మర్యాదగా. ఆయన బల్ల కింద బూట్లు కనబడుతున్నాయి. చీలమండల దాకా నదిమన్ను ఎండి అంటుకుని ఉంది.

"మీరు వచ్చారుగా అక్కడికి," అంది లియోటా.

ఆయన బూట్లు వెనక్కి లాక్కున్నాడు. వచ్చానన్నాడు, చాలా బాగుందన్నాడు, తన భార్య అయితే ఇంకా అదే మాట్లాడుతోందన్నాడు. వేయడం మాత్రం కుదరదన్నాడు. కళ్లతో చూసినవాడే చూడలేదని అచ్చు వేస్తే ఇంక ఎవరికి చెప్పుకోవాలి? ఆమె అలాంటి కోపంతో ఎప్పుడూ నడవలేదు. హాచరీకి తిరిగి వచ్చేదాకా పిడికిళ్లు బిగిసే ఉన్నాయి.

వసంతంలో స్ట్రౌడ్ మళ్లీ హాచరీ గుమ్మంలో నిలబడ్డాడు. ఈసారి టోపీ తీశాడు, తలుపు వేశాడు. నెలకోసారి ఆడవాళ్ల రేసు పెడతానన్నాడు. మగవాళ్ల రేసు ముందు కొద్ది చుట్లు, గెలిచినవాళ్లకు పళ్లేల సెట్టు. జనం అడుగుతున్నారట. బెర్నీ పిన్నితో కూడా మాట్లాడాడట, లియోటా ఏమంటే తనూ అదేనందట.

లియోటా చేతిలో గుడ్లు గంపలో పెట్టి తీరిగ్గా అడిగింది. "దానికి మట్టి ఎవరు తొక్కుతారు?"

"మీరే," అన్నాడు స్ట్రౌడ్, ఆ ప్రశ్న ఎందుకొచ్చిందో అర్థం కానట్టు. "ఇంకెవరు?"

"మా రేసుకు మగవాళ్లను తొక్కమనండి," అంది లియోటా. "వాళ్లు తొక్కాక వచ్చి నడుపుతాం. లేదంటే టికెట్టు కొనుక్కుని కూర్చుంటాం."

స్ట్రౌడ్ నవ్వేసి వెళ్లిపోయాడు. వాళ్లను తొక్కమని చెప్పే ధైర్యం ఆయనకు లేదని ఆమెకు ఆ నవ్వులోనే తెలిసింది.

సీజన్ మొదలయ్యే మే నెల మొదటి శనివారం ఆడవాళ్లంతా తొక్కడానికి దిగకుండా ఉతికిన గౌన్లు వేసుకుని గ్యాలరీలో కూర్చున్నారు. కింద నీళ్ల లారీ ట్రాక్‌ను తడిపి వెళ్లింది. పిట్‌లో మగవాళ్లు ఇస్త్రీ చొక్కాలతో కార్ల మడ్‌గార్డుల మీద కూర్చున్నారు. ఎవరికి వారు ఇంకెవరో ముందు దిగుతారని చూస్తున్నారు. స్ట్రౌడ్ ఒక కారు దగ్గర్నించి ఇంకో కారు దగ్గరికి తిరిగాడు. ఒకడు వాచీ చూసుకున్నాడు. ఒకడు ఇంజనులో ఏదో బాగాలేదన్నాడు. తడి మన్ను ఎండలో పైపైన తెల్లబడటం మొదలైంది.

కొంతసేపటికి ఒక కారు కదిలింది. ఎనిమిదో నంబరు. ఓరిన్ భుజం నయమైంది గాని ఇంకా పూర్తిగా లేవదు. ఒంటిచేత్తో చక్రం తిప్పుతూ తక్కువ గేరులో మట్టిలోకి దిగాడు. లోపలి అంచు నుంచి మొదలుపెట్టాడు. చుట్టుచుట్టుకూ కొంచెం బయటికి జరిగాడు. ముందు ఏ కారూ లేకపోయినా తన చక్రాలే విసిరిన బురద లోపలికి పడుతోంది. పిట్‌లోంచి ఎవరో ఈలలు వేశారు, లంగా కట్టుకోమని ఎవరో అరిచారు. ఓరిన్ అటు చూడలేదు. బెర్నీ పిన్ని లియోటా చెయ్యి పట్టుకుంది.

ఒక్క కారుతో అంత ట్రాక్ తొక్కడం ఎవరివల్లా కాదు. నడిమి దాకా వచ్చేసరికి లోపలి అంచు ఎండి పగిలింది. ఇంజను పొగలు కక్కింది. ఆ రోజు రేసు జరగలేదు. ఆ తరువాతి శనివారం ఒకటి జరిగింది గాని దుమ్ములో ఇద్దరు గుద్దుకున్నారు. నెల తిరక్కుండా స్ట్రౌడ్ గేటుకు గొలుసు వేసి ఆ నేలను సోయా పంటకు కౌలుకిచ్చేశాడు. జనం ఇళ్లలో టెలివిజన్లకు అలవాటు పడటం వల్లే ట్రాక్ మూతపడిందని ఆయన పత్రికవాళ్లకు చెప్పాడు. వాళ్లు వేశారు.

ఆ మొదటి శనివారం ఇంజను చచ్చాక ఓరిన్ కారును అక్కడే వదిలి కంచె దగ్గరికి నడిచొచ్చాడు. లియోటా మెట్లు దిగి ఇవతల నిలబడింది. ఆయన ముఖంలో కళ్లు తప్ప ఇంకేమీ కనబడటం లేదు. నోట్లో మట్టి ఉమ్మి, అరచేత్తో మూతి తుడుచుకుని, ఊపిరి తిరిగేదాకా కంచెకు ఆనుకున్నాడు.

"రెండేళ్లు ఎలా చేశావే ఇంత కష్టం?" అన్నాడు.

"తొక్కడం కష్టం కాదు ఓరిన్," అంది లియోటా. "ఈల వేసినప్పుడు దిగడం కష్టం."